రెండో బ్రేకు

డ్రైవింగ్ నేర్పే మాస్టారి కారులో బ్రేకులు రెండు. ఒకటి నేర్చుకునేవాళ్ళకి, రెండోది ఆయన కాలి కింద. ఏళ్ళ తరబడి దాన్ని తొక్కి తొక్కి ఆ కుడికాలు ఆయన మాట వినడం మానేసింది. మంగలి కత్తెర చెవి దగ్గరికొస్తే నేలను తొక్కేది. టీవీలో ఎవడైనా గుర్రమెక్కితే తొక్కేది. కూతురు కాస్త గట్టిగా నవ్వినా తొక్కేది, వెంటనే నోరు కూడా "మెల్లగా తల్లీ!" అనేసేది.

సినిమా చదువు చదువుతున్న ఆ కూతురు ఇప్పుడో ప్రయోగం తలపెట్టింది. మనిషి తన మీద తాను పట్టు కోల్పోవడం గురించి చిన్న సినిమా. కథ లేదు, మొహం లేదు, నాన్న కాళ్ళు మాత్రమే. చక్రాలున్న ఆఫీసు కుర్చీలో ఆయన్ని గిరగిరా తిప్పాలి, కాళ్ళు గాల్లోకి లేవాలి, కింద పెట్టిన కెమెరా అది పట్టుకోవాలి. అంతే.

అంతేనా! పొద్దుట్నుంచీ డ్రైవింగ్ స్కూలు ఆవరణలో తిప్పుతూనే ఉంది. సగం చుట్టు తిరిగేసరికి ఆ పాడు కాలు టప్పున నేల మీద పడుతోంది.

"బ్రేకెయ్యకు నాన్నా! సాయంత్రం సినిమా ఇచ్చెయ్యాలి."

"నేనెక్కడ వేశానే? అదే వేసుకుంది!"

"పుట్టినప్పట్నుంచీ ఇదే వరస." అమ్మాయి కుర్చీ వదిలేసింది. "ఒక్కసారి నిన్ను బ్రేకు లేకుండా చూడాలనుంది."

మాస్టారి మనసు చివుక్కుమంది. "సరే. నా మీదున్న కోపమంతా పెట్టి తిప్పు."

కోపం బాగానే ఉన్నట్టుంది. కుర్చీ బొంగరమైంది. ఆకాశం, గోడ, కూతురు, మళ్ళీ ఆకాశం! తిరిగి తిరిగి ఆమె చేతిలోంచి జారి, ఎత్తు మీద బండి ఆపడం నేర్పే వాలు వైపు దౌడు తీసింది. మాస్టారు "హోయ్!" అని కేకపెట్టి, కితకితలు పెట్టినట్టు నవ్వుతూ, రెండు కాళ్ళూ బార్లా చాచి, వెళ్ళి పాత టైర్ల గుట్టలో పడ్డారు.

"భూమి ఇంకా ఆగలేదే! ఇంకోసారి!"

ఇద్దరూ తలలానించి కెమెరాలో చూసుకున్నారు. ఆయన బూట్లు గాల్లోకి లేచి మాయమయ్యాయి. ఆయన పిల్లాడిలా చప్పట్లు కొట్టారు. తర్వాత తెర మీద మిగిలింది కూతురి చెప్పు ఒక్కటే. కుడికాలిది. వేళ్ళు తెల్లబడేలా నేలను తొక్కుతోంది. వెనక నుంచి ఆమె కేక: "మెల్లగా నాన్నా!"

ఇద్దరూ పొట్ట పట్టుకుని, పొలమారేదాకా నవ్వారు.

"అచ్చు నా పోలికే," అన్నారాయన, జాలిగా. "రా, ఈసారి నువ్వు కూర్చో. కాళ్ళెత్తు తల్లీ."

అమ్మాయి ఎడమకాలు వెంటనే ఎత్తింది. కుడికాలికి నచ్చజెప్పడానికి కాస్త సమయం పట్టింది.