బాతుల గుంటలో నల్ల వల

గిలిగింత మామయ్యను ఆ వీధిలో ఎవరూ అసలు పేరుతో పిలవరు. పిలిచినా ఆయన పలకడు. టైర్లకు పంక్చర్లు వేయడం ఆయన పని, మనుషులను ఆటపట్టించడం ఆయన సరదా. చదువు బడి గుమ్మం దాటి ఎంతో దూరం పోలేదు కానీ, కొత్త వస్తువు కంటపడితే దాన్ని విప్పి లోపల ఏముందో చూసేదాకా ఆయనకు ముద్ద దిగదు.

ఆ రోజు పెరట్లో బాతుల కోసం గుంట తవ్వుతున్నాడు. బాతులు భార్యవి, చెమట ఆయనది. పెరటి చివర నేల ఉన్నట్టుండి ఆగిపోతుంది. అక్కడినుంచి కిందికి సిమెంటు దిమ్మెలు పేర్చి కట్టిన ఎత్తయిన గోడ. గోడ కింద ఆయన చెల్లెలి ఇల్లు. చెల్లెలి మొగుడు దర్జీ. ఆలుమగలిద్దరూ పొద్దస్తమానం వెనక గదిలోనే కూర్చుని కుడతారు, ఆ గది కిటికీ తెరిస్తే చేతికి గోడ తగులుతుంది.

"అంత గోడ పక్కనే ఎందుకండీ? ఇటువైపు తవ్వొచ్చుగా" అంది భార్య.

"ఇక్కడైతే బాతులకి కింద మా బావ బట్టతల కనబడుతుందే. వాటికీ కాలక్షేపం ఉండాలి కదా!"

గుంట మోకాలి లోతు దిగేసరికి పార దేనికో చిక్కుకుంది. వేరేమోనని లాగాడు, రాలేదు. మట్టి దులిపి చూస్తే నల్లటి వల. చేపలు పట్టే వల కాదు, బొటనవేలు దూరేంత గళ్లతో బిరుసుగా, వెడల్పుగా పరుచుకుని ఉంది. ప్లాస్టిక్కే, కానీ పంటితో కొరికినా తెగలేదు. కొరికి చూశాడా అంటే, చూశాడు మరి.

"ఎవరో చెత్తలో పారేసుంటారు" అన్నాడు నోట్లో మట్టి ఉమ్ముతూ.

"చెత్త పారేసేవాళ్లు దుప్పటి పరిచినట్టు ఇంత చదునుగా పరుస్తారా ఏంటి?" అంది భార్య.

మాట బాగానే ఉంది, కానీ బాతులు ఆగేలా లేవు. రంపం బ్లేడు తెచ్చి గుంట మేరకు వలను కోసేశాడు. ఇంకాస్త తవ్వితే దాని కింద అలాంటిదే ఇంకొకటి. దాన్నీ కోశాడు. కోసిన ముక్కలను చిక్కుడు తీగ పాకడానికి కట్టాడు. గుంట నిండా నీళ్లు పోశాడు. బాతులు దిగి, ఇంతకాలం ఈ సుఖం ఎక్కడ దాచారన్నట్టు అరిచాయి.

అంతా బాగానే ఉంది కానీ ఆయనకే కుదురు లేకుండా పోయింది. తింటున్నా వలే, టైరు విప్పుతున్నా వలే. అంత మంచి సరుకును మట్టిలో పూడ్చిపెట్టిన మహానుభావుడు ఎవడు? పూడ్చినవాడు ఒకటి చాలక పొరలు పొరలుగా ఎందుకు పూడ్చాడు? బాతులేమో చల్లగా ఈదుతూనే ఉన్నాయి. గుంటలో నీళ్లు మాత్రం ఎన్ని పోసినా ఇంకిపోతున్నాయి. ఎటు పోతున్నాయో ఆయన అడగలేదు, ఇంకో బిందె పోశాడు.

జవాబు కొట్టుకే నడిచివచ్చింది. ఒకాయన టైరు దొర్లించుకుంటూ వచ్చి, "దీనికి పక్కన బుగ్గ లేచింది, ఎందుకంటావ్?" అన్నాడు.

"లోపల దారాలు తెగాయి బాబూ. రబ్బరొక్కటే గాలిని ఎక్కడ ఆపుతుంది? ఇదిగో, ఇలా లోపల పొరలు పొరలుగా దారం వేసి..." అంటూ పాత టైరు ముక్కను విప్పి చూపిస్తున్నవాడు అక్కడే ఆగిపోయాడు. "దారం పట్టుకునుంటుంది. దారాన్ని కోసేస్తే..."

"కోసేస్తే?"

"బుగ్గ లేస్తుంది" అని, కొట్టు ఉన్నది ఉన్నట్టే వదిలేసి చెల్లెలి ఇంటికి పరుగెత్తాడు. పైన మబ్బు కమ్ముకుంటోంది.

దర్జీ బావ చెవి మీద సుద్ద పెట్టుకుని చొక్కా చెయ్యి కత్తిరిస్తున్నాడు. చెల్లెలు మిషను తొక్కుతోంది.

"ముందు లేవండి! గోడ కూలేలా ఉంది, ముందు గదిలోకి పదండి!"

చెల్లెలు మిషను ఆపలేదు. "మొన్న దారాల పెట్టెలో పామన్నావు. ట్యూబు ముక్క."

"అది సరదాకే..."

"అంతకుముందు గోడ మీంచి నీళ్లు పొంగుతున్నాయన్నావు" అన్నాడు దర్జీ బావ కత్తెర ఆపకుండా. "సగం గడ్డం గీసుకుని నురగతో వీధిలోకి పరుగెత్తాను. ఇప్పటికీ పిల్లలు నన్ను చూసి నవ్వుతారు. ఈసారి లేచేది లేదు బావగారూ."

"ఒట్టు బావా!"

"పాముకీ ఒట్టేశావు."

గిలిగింత మామయ్యకు జీవితంలో మొదటిసారి తన మాట తనకే అక్కరకు రాలేదు. నిజం చెప్తుంటే జనం నమ్మకపోతే ఏంచేయాలో ఆయనకు తెలియదు. చుట్టూ చూశాడు. వాకిట్లో మరమ్మతుకని పోయించిన ఇసుక కుప్ప ఉంది. అడుగు ఊడిన బకెట్టు ఒకటి దొరికింది. తడి ఇసుక దట్టించి, బకెట్టు పైకి లాగేసి, ఆ ఇసుక దిమ్మె మీద ఎక్కి నిలబడ్డాడు. అది పిండిలా విరిగింది, ఆయన చతికిలబడ్డాడు. చెల్లెలు కిటికీలోంచి పకపకా నవ్వింది.

"ఆగవే, అయిపోలేదు. బావా, పాత గుడ్డ ముక్కలు ఇలా పడెయ్."

ఈసారి గుప్పెడు ఇసుక, దానిమీద గుడ్డ, మళ్లీ ఇసుక, మళ్లీ గుడ్డ. బకెట్టు తీసి ఎక్కాడు. దిమ్మె నిలబడింది. మెల్లగా కాలు ఎత్తి ఒంటికాలి మీద నిలబడ్డాడు, అయినా నిలబడింది.

"లోపల రాయి పెట్టుంటావు" అన్నాడు దర్జీ బావ. కానీ కత్తెర కింద పెట్టాడు.

"అయితే నువ్వే చెయ్యి."

బావ వచ్చాడు. మోసపోకూడదని ఇసుకను వేళ్లతో జల్లించాడు. గుడ్డలను తన చేత్తోనే బకెట్టు కొలతకు గుండ్రంగా కత్తిరించాడు. ఇసుకను సున్నితంగా పరిచి, తట్టి, మడత పడకుండా గుడ్డ వేసి, పైన మళ్లీ పరిచాడు. బకెట్టు తీసి, పెళ్లికొడుకు పీట ఎక్కినంత జాగ్రత్తగా ఎక్కాడు.

"ఓరినీ!" అన్నాడు అక్కడినుంచే. "ఉత్త గుడ్డే! ఇది నన్ను మోస్తోందే!"

"ఇసుక పక్కకి జారబోతే గుడ్డ పట్టుకుంటుంది బావా. గోడ వెనకాల మట్టిలో నల్ల వల అదే పని చేస్తోంది. దిమ్మెలు ముందు అందానికి, బరువంతా లోపల వలే లాక్కుని ఉంటుంది."

దర్జీ బావకు హుషారొచ్చింది. "మరి మధ్యలో ఒక గుడ్డ తీసేస్తే?"

అడిగినవాడే కట్టాడు. పైన రెండు పొరలు గుడ్డ లేకుండా వదిలేశాడు. అక్కడితో ఊరుకోలేక చెంబుతో కాసిని నీళ్లు కూడా పోశాడు. ఈసారి ఎక్కక్కర్లేకపోయింది. అరచెయ్యి ఆనించి నొక్కితే చాలు, కింది భాగం అలాగే ఉంది, పైభాగం పొట్ట ముందుకు తోసుకొచ్చి జారిపోయింది.

నవ్వు ఆగిపోయింది. దర్జీ బావ గిలిగింత మామయ్య ముఖం చూశాడు.

"నువ్వు పైన ఏం తీసేశావు?"

"వల. రెండు పొరలు."

"నీళ్లు?"

"బాతులకి... రోజూ పోస్తున్నాను."

దర్జీ బావ చేతికంటిన ఇసుక దులుపుకున్నాడు. ఇంటి వెనక్కి వెళ్లి, స్టూలు మీద స్టూలు వేసుకుని గోడ పైవరస దాకా చెయ్యి చాపాడు. ఆ గోడ దిమ్మెల మధ్య బ్లేడు కూడా దూరదని ఆయనకు తెలుసు. ఇంట్లోకి దిగిన కొత్తలో ఏమీ తోచక బ్లేడు పెట్టి చూసినవాడే. చెవి మీది సుద్ద తీసి సందులో పెట్టాడు. అది నున్నగా లోపలికి పోయింది.

కిందికి దిగి, భార్యతో చాలా నెమ్మదిగా అన్నాడు. "మిషను పట్టుకో. ముందు గదిలోకి."

ఆ సాయంత్రం నలుగురూ చేతులు మార్చుకుంటూ గుంటలో నీళ్లు తోడి వీధి వైపు కాలవలో పోశారు. బాతులు వెంట తిరుగుతూ తిట్టాయి. గుంట మీద రేకులు కప్పి, చుట్టూ మట్టికట్ట వేసేసరికి చినుకులు మొదలయ్యాయి. ఆ రాత్రి రెండు ఇళ్లవాళ్లూ పైనింట్లో, గోడకు దూరంగా ముందు గదిలో పడుకున్నారు. వాన పెద్దగా పడలేదు, కానీ చప్పుడైనప్పుడల్లా గిలిగింత మామయ్య ఒక కన్ను తెరిచేవాడు.

మర్నాడు దర్జీ బావ కబురు పెడితే, గోడలు చూసే ఆఫీసు నుంచి ఇంజనీరమ్మ వచ్చింది. గుంటలోకి దిగి, కోసిన అంచులు చేత్తో తడిమి, "మొత్తం గోడ పడేది కాదండీ. కానీ గట్టి వాన ఒక్కటి పడితే పై వరసలు మీ గది మీదికి వచ్చేవి. ఎవరు కనిపెట్టారు?" అంది.

"పాడు చేసినవాడే" అంది చెల్లెలు.

"ముక్కలు చిక్కుడు తీగ దగ్గర భద్రంగా ఉన్నాయమ్మా, కుట్టేద్దామా? మా బావ చెయ్యి మంచిది" అన్నాడు గిలిగింత మామయ్య.

ఇంజనీరమ్మ నవ్వింది. "ముక్కలు పనికిరావు. వల గోడ దిమ్మెల దగ్గర మొదలై లోపల మట్టిలోకి చాలా దూరం పోవాలి. ఆ చివర మట్టి బరువు కింద నొక్కుకుని ఉంటేనే ఈ చివర పట్టు."

"అతుకు పొట్టిదైతే కుట్టు ఊడిపోద్ది. అంతేగా అమ్మా?" అన్నాడు దర్జీ బావ.

"అంతే."

కొన్నాళ్లు పెరడంతా పనివాళ్లదే. పై దిమ్మెలు విప్పి, మట్టి వెడల్పుగా తవ్వి, కొత్త వల బిగుతుగా లాగి పరిచారు. గోడ వెనకే నీళ్లు దిగడానికి కంకర పోశారు. మిగతా చోట పొర పొరకీ మట్టి వేసి దిమ్మిసతో కొట్టారు. గిలిగింత మామయ్య వాళ్ల కాళ్లకు అడ్డం పడుతూ అడిగిందే అడిగాడు. కంకర ఎందుకు, మట్టి తడి ఎంత ఉండాలి, వల తిప్పి వేస్తే ఏమవుతుంది. దిమ్మిస పట్టుకున్నవాడు విసిగి దాన్నే ఆయన చేతికిచ్చాడు. దాంతో ప్రశ్నలు కాస్త తగ్గాయి.

పనైపోయాక ఆయనే కిందికి వెళ్లి ప్రకటించాడు. "ఇక వెనక గదిలో కుట్టుకోవచ్చు. నాది పూచీ."

చెల్లెలు తలుపు తీసి, లోపల ఒక కుర్చీ వేసి, చేతిలో సూదీ గుండీల డబ్బా పెట్టింది. "నీ పూచీ నాకెందుకు? మొదటి గట్టి వాన వెలిసేదాకా ఇక్కడే కూర్చుని గుండీలు కుట్టు. అప్పుడు నమ్ముతా."

మాట మీద నిలబడడం ఆయనకు కొత్త, అయినా కూర్చున్నాడు. వాన వచ్చింది. మామూలు వాన కాదు, కిటికీలోంచి చేతికందే గోడ కూడా కనబడనంత వాన. గుండీ కుడుతున్న చెయ్యి ఆగింది. చెవులు రిక్కించాడు. కాసేపటికి తలుపు చప్పుడైంది. దర్జీ బావ రెండు గ్లాసుల టీ పట్టుకుని వచ్చి పక్కనే నేల మీద కూర్చున్నాడు. చెల్లెలు గుమ్మం దగ్గర నిలబడింది, లోపలికి మాత్రం రాలేదు.

వెనక దిగిన నీళ్లు బయటికి పోవడానికి గోడ అడుగున పెట్టిన గొట్టాల్లోంచి నీళ్లు కారుతున్నాయి. మట్టి రంగు లేదు, తేటగా కారుతున్నాయి. దర్జీ బావ వానలోనే వెనక్కి వెళ్లి, మళ్లీ స్టూలు మీద స్టూలు వేసుకుని సుద్దను పైవరస సందుకు ఆనించాడు. అది దూరలేదు. సుద్ద చెవి మీద పెట్టుకుని, లోపలికొచ్చి టీ తాగాడు. చెల్లెలు లోపలికి వచ్చి, మిషను మీది గుడ్డ తీసింది.

వాన సన్నబడింది. ఆ తరవాత దర్జీ బావే గొంతు తగ్గించి అడిగాడు.

"బావా, పై రెండు పొరలంటే చూశాం. కింద ఇంకా ఎన్ని ఉంటాయంటావ్?"

గిలిగింత మామయ్య కళ్లు మెరిశాయి. "అదే నేనూ అనుకుంటున్నా. తవ్వి చూద్దామా?"

చెల్లెలు విసిరిన గుండీల డబ్బా ఇద్దరి తలల మధ్యనుంచి కిటికీ దాటి వెళ్లి గోడకు తగిలింది. గోడ కదల్లేదు.