అల్లుడుగారి చేప

బొంగరం ఒకచోట నిలబడే మనిషి కాదు. ఆ పేరు తల్లి పెట్టింది, కట్టుకున్నవాడు నలుగురిలో చాటాడు. "మా ఇంట్లో పాలు పొయ్యి వేడికి కాదండీ, ఈవిణ్ణి చూసిన కంగారుకి పొంగుతాయి" అని ఇంటికొచ్చిన వాళ్లందరికీ చెబుతాడు. గాయపడ్డ గబ్బిలాలను బాగుచేసి వదిలిపెట్టే కేంద్రంలో ఆమె ఉద్యోగం. అక్కడ చేరిన కొత్తలోనే ఆ పేరు ఆమెకంటే ముందు గదుల్లోకి వెళ్లడం మొదలుపెట్టింది.

ఆ వేళ మాత్రం ఆమెను చూసి ఎవరికీ నవ్వు రాలేదు. కేంద్రం పెట్టిన గడువు ప్రకారం సాయంత్రంలోగా అల్లుడుగారు తనంతట తాను ఒక చేపను పట్టాలి. పట్టకపోతే బతికినన్నాళ్లూ అద్దాల గదే.

అల్లుడుగారంటే చేపలు పట్టే జాతి గబ్బిలం. ఎవరి వలలోనో చిక్కుకుని, రెక్క చిరిగి ఇక్కడికి వచ్చారు. ఒళ్లంతా నారింజరంగు నూగు, మధ్యకు చీలిన పై పెదవి, సంచుల్లా వేలాడే బుగ్గలు, ఒంటికి మించిన పాదాలు, వాటికి కొక్కేల్లాంటి గోళ్లు. పక్కన నిలబడితే చేపల బుట్ట పక్కన నిలబడ్డట్టే. రెక్క మానేదాకా బొంగరమే చేపను ముక్కలు కోసి పట్టకారుతో నోటికి అందించింది. ముక్క చిన్నదైతే మొహం తిప్పుకునేవారు, పెద్దదైతే కింద పడేసేవారు. "అత్తారింట్లో కొత్తల్లుడికి కూడా ఇంత మర్యాద జరగదే!" అని పశువుల డాక్టరమ్మ అన్న రోజునుంచి ఆ పేరు ఖాయమైపోయింది.

రెక్క మానింది, ఎగరడం మళ్లీ వచ్చింది, చేప పట్టడమే రాలేదు. సొంతంగా తిండి సంపాదించుకోలేని ప్రాణిని వదిలేస్తే ఆకలితో చంపినట్టేనని కేంద్రం నియమం. అందులో తప్పు పట్టడానికేం లేదు. కానీ అద్దాల గదిలో ఇప్పటికే ఒక ముసలి గబ్బిలం ఉంది. చూడవచ్చిన వాళ్లు అద్దం మీద వేలితో కొడతారు. చెవులతో బతికే ప్రాణి అది, ఆ చప్పుడుకి రోజంతా గోడవైపు తిరిగి వేలాడుతుంది. ఆ గది ముందునుంచి వెళ్లాల్సి వచ్చినప్పుడల్లా బొంగరం చుట్టు తిరిగి వెళ్తుంది.

కొలను గదిలో పగలే రాత్రి. కిటికీలకు నల్లటి తెరలు, మూలన ఒక ఎర్ర బల్బు, మధ్యలో మోకాలి లోతు నీళ్లు. వాటిమీద ఈ చివరనుంచి ఆ చివరకు ఒక చెక్క వంతెన. ఆ వంతెనను బొంగరం తనే అడిగి వేయించుకుంది. మొదటిసారి ఎగిరిన రోజున అల్లుడుగారు పొట్ట నీళ్లకు తగిలి కొలను మధ్యలో పడిపోయారు. చుట్టూ తిరిగి వచ్చేలోపు ఏమైపోతారోనని బొంగరం బట్టలతోనే దూకి ఎత్తుకుంది. ఆనాటినుంచి పొడుగు కర్ర వలతో వంతెన మీద ఆయన ఎటు ఎగిరితే అటు పరుగు. పైనున్నది గబ్బిలమైతే కిందున్నది కాలుగాలిన పిల్లి.

"కాస్త కూర్చోవే, నిన్ను చూస్తుంటే నాకు కళ్లు తిరుగుతున్నాయి" అంది డాక్టరమ్మ గోడవారనుంచి.

"కూర్చుంటే ఆయన పడితే ఎవరు పట్టుకుంటారండీ?"

అల్లుడుగారు నీళ్లమీదికి దిగారు. గోళ్లు చాచి, సరిగ్గా వంతెన పక్కనే నీళ్లను గీసుకుంటూ పోయారు. పైకొచ్చిన గోళ్లలో ఏమీ లేదు. మళ్లీ తిరిగొచ్చి వంతెన పక్కనే గీశారు. చేపలేమో అవతలి గట్టు దగ్గర హాయిగా తేలుతున్నాయి.

"చేపలు అక్కడుంటే ఇక్కడ తవ్వుతాడేంటి మీ అల్లుడు?"

"ఏమో డాక్టరమ్మా. నా పెంపకమే ఇంతేమో."

బల్బు మినుకుమినుకుమంటోంది. దాన్ని బిగించడానికి డాక్టరమ్మ లేచి వంతెన మీదుగా నడిచింది. ఈలోగా ఇంకొన్ని చేపలు వదులుదామని బొంగరం గట్టు మీద గొంతుక్కూర్చుంది. చాలా రోజుల తర్వాత ఆమె కళ్లు నీళ్లకు అంత దగ్గరగా వచ్చాయి. నీళ్లు వణుకుతున్నాయి.

"డాక్టరమ్మా, ఆగండి."

డాక్టరమ్మ ఆగింది. కాసేపటికి నీళ్లూ ఆగాయి.

"ఇప్పుడు నడవండి."

"ఏంటే నీ ఆటలు?" అంటూనే ఆవిడ నడిచింది. వంతెన కాళ్లు నీళ్లలోనే పాతి ఉన్నాయి. ఒక్కో అడుగుకీ ఒక్కో కాలు చుట్టూ సన్నటి అలలు పుట్టి కొలనంతా పరుచుకున్నాయి.

బొంగరం చేతిలోని చేపల గిన్నె పక్కన పెట్టేసింది. ఈ గబ్బిలానికి నీళ్లలోపలి చేప తెలియదు. మన చెవికి అందని సన్నటి కేక వేస్తుంది, అది నీళ్లకు తగిలి తిరిగొస్తుంది. నిలకడగా ఉన్న నీళ్లు ఏ కబురూ చెప్పవు. చేప వీపు పైకి తేలి చిన్న అల లేచిందా, అక్కడినుంచి కబురొస్తుంది. ఆ కబురందుకుని దిగి చేపను గోళ్లతో గుచ్చి ఎత్తుకుపోతుంది. ఇదంతా బొంగరానికి కంఠతా వచ్చు, చూడవచ్చిన పిల్లలకు చెప్పేదీ తనే. అయినా ఇన్నాళ్లూ ఆయన వేటాడే చోట తానే అలలు పుట్టిస్తూ తిరిగింది. సంతలో అందరూ ఒకేసారి అరుస్తుంటే ఎవరి పిలుపని వినాలి? పాపం, అన్నిటికంటే గట్టిగా అరుస్తున్న చోటునే ఆయన నమ్మారు. అది బొంగరం పాదం.

"నేనండీ," అంది. "ఆయనకి రాకపోవడం కాదు. నేనే రానివ్వలేదు."

డాక్టరమ్మ నీళ్లవైపు, వంతెనవైపు చూసి, వచ్చిన నవ్వును ఆపుకుంది. "నేనూ ఇక్కడే కూర్చున్నాగా, నాకూ తట్టలేదు. పోనీ నువ్వు బయటుండు, నేను చూసుకుంటా."

"బయటుంటే నేను ఆ తలుపు విరగ్గొడతాను. ఇక్కడే కూర్చుంటా."

ఇద్దరూ గోడవార బల్ల మీద కూర్చున్నారు. వల బొంగరం ఒళ్లో ఉంది. అల్లుడుగారు మూలన వేలాడుతూ చెవులు తిప్పుతున్నారు. బొంగరానికి ముళ్ల మీద కూర్చున్నట్టుంది. మోకాలు దానంతటదే ఆడుతుంటే చేత్తో అదిమిపెట్టింది. నీళ్లు నల్లటి పలకలా అయిపోయాయి. ఎక్కడో ఒక చేప పైకొచ్చి మునిగింది.

అల్లుడుగారు పట్టు వదిలి ఎగిరారు. ఒక చుట్టు చుట్టారు. చేప లేచిన చోటికి సూటిగా దిగారు, కానీ వేగం ఎక్కువైంది. గోళ్లతోపాటు పొట్టా నీళ్లకు కొట్టుకుని దభాలున పడ్డారు.

"వల! వల!" డాక్టరమ్మే ముందు లేచింది.

బొంగరమూ సగం లేచింది. అక్కడున్నది ఇక అల్లుడుగారు కాదు, తడిసిన పిడికెడు ప్రాణం. తన ఒంట్లోని ప్రతి నరమూ వంతెనవైపే లాగుతోంది. ఇప్పుడు ఎత్తేస్తే బతుకుతుంది, అద్దాల గదిలో. ఎత్తకపోతే? ఆ ప్రశ్నకు జవాబు ఆమెకు తెలియదు. ఆ రోజు తాను దూకింది కాబట్టే తెలియలేదు.

డాక్టరమ్మ మణికట్టు పట్టుకుని బొంగరం మళ్లీ కూర్చుంది. "ఆగండి."

"మునిగిపోతాడే!"

"ఆగండమ్మా."

ఆ మాట అన్న గొంతు తనదేనా అని ఆమెకే అనుమానం వచ్చింది. నీళ్లమీద రెక్కలు చాచుకున్నాయి. ఒకసారి తెడ్డులా వెనక్కి తోశాయి, ఇంకోసారి తోశాయి. ఈదుతున్నారు! గట్టువైపు కాస్త దూరం వచ్చాక రెక్కలు రెండూ ఒక్కసారిగా నీళ్లను చరిచాయి. నీళ్లు చింది బొంగరం మొహాన పడ్డాయి. ఆ చుక్కలు తుడుచుకునేసరికి అల్లుడుగారు గాల్లో ఉన్నారు.

నీళ్లు సర్దుకునేదాకా ఆయన పైన తిరుగుతూనే ఉన్నారు. అవతలి గట్టు దగ్గర మళ్లీ అల లేచింది. ఈసారి దిగిన పాదాలు నీళ్లను కోసుకుంటూ పోయాయి. పైకి లేచినప్పుడు గోళ్ల మధ్య వెండిలా ఒకటి గిలగిలా కొట్టుకుంది. ఎగురుతూనే దాన్ని నోటికి అందుకుని, మూలకు పోయి తలకిందులుగా వేలాడి, తలనుంచి మొదలుపెట్టి నమలసాగారు. బుగ్గలు రెండూ ఉబ్బిపోయాయి. ముక్క సైజు గురించి ఏ ఫిర్యాదూ లేదు.

బొంగరం ఏడుస్తోంది. ఆనందంగానూ ఉంది, దిగులుగానూ ఉంది. ఇక ఆయన ఎక్కడ పడ్డా చూడ్డానికి తను ఉండదు.

డాక్టరమ్మ కళ్లు తుడుచుకుని, "రావే, ఆఫీసులో చెప్పొద్దాం. ఇన్నాళ్లకి నువ్వు కుదురుగా కూర్చున్నావని కూడా చెప్పాలి, ఎవరూ నమ్మరు. లే" అంది.

బొంగరం కదల్లేదు. మోకాలి మీదనుంచి చెయ్యి కూడా తీయలేదు.

"కాసేపు ఉండండి డాక్టరమ్మా. ఆయనకింకా ఆకలిగా ఉన్నట్టుంది," అంది నీళ్లవైపే చూస్తూ. "నేను లేస్తే నీళ్లు కదుల్తాయి."