మౌనం వేళకు వచ్చే ఫోన్లు

బుడమేరు పొంగి బెజవాడ మునిగిన ఏడు అది. దిగువన దివిసీమ లంకల్లో పసుపు, కంద, అరటి నిలిచిన చోటే కుళ్ళిపోయాయి. బందరులో గోపాలకృష్ణమూర్తి గారి వీధికి నీళ్ళు రాలేదు. ఫోన్లు వచ్చాయి.

మూర్తి గారు సర్కారు ఉద్యోగం చేసి రిటైరయ్యారు. రిటైరయ్యాక వేదాంతం పట్టుకున్నారు. తెల్లారేసరికి స్నానం చేసి, కిటికీ దగ్గర కూర్చుని, ఫోనులో ఒక మంచి మాట చెబుతారు. దాని పేరు పొద్దుటి మాట. గుడివాడ, ఉయ్యూరు, అవనిగడ్డ, ఎక్కడెక్కడి వాళ్ళో అది విన్నాకే కాఫీ తాగుతారు. ఫలానా కొట్టాయన ఆ మాట వింటే గానీ షట్టరు ఎత్తడని మూర్తి గారు నలుగురిలో చెప్పుకుంటారు. మాట చెప్పడం అవగానే ఆయన మౌనంలోకి వెళ్తారు. మళ్ళీ నోరు తెరవడం మధ్యాహ్నం భోజనానికే.

మౌనం ఆయనది, దాన్ని మోసే పని జానకమ్మది. ఒక చప్పట కొడితే కాఫీ. రెండు కొడితే తువ్వాలు. వేలు గాల్లో తిప్పితే ఫ్యాను. సాంబారులో ఉప్పు తక్కువైతే కనుబొమ్మ. ఇవి కాక, మాట విన్నవాళ్ళు చేసే ఫోన్లన్నీ ఆవిడే ఎత్తాలి. ఆ పని అప్పగించిన రోజున ఆయన ఒకటే చెప్పారు. "ఎవరు ఏ కష్టం చెప్పినా ఆ రోజు నేను చెప్పిన మాటే మళ్ళీ చెప్పు జానకీ. నీ సొంత కవిత్వం కలపకు." అలాగేనంది. ఒక చేత్తో పప్పు మెదుపుతూ, ఇంకో చేత్తో ఫోను చెవికి ఆనించి, కొడుకు తాగుతున్నాడన్న తల్లికీ, మోకాళ్ళు నొప్పులన్న మేష్టారికీ అదే మాట అప్పజెప్పేది. విన్నవాళ్ళు మనసు తేలికైందమ్మా అనేవారు. ఆ బరువు ఎక్కడికి పోయిందో ఎవరూ అడగలేదు.

శ్రీలలిత ఆ వరద తగ్గిన వారానికే ఫోన్ చెయ్యడం మొదలుపెట్టింది. అవనిగడ్డ అవతల లంకలో ఇల్లు. పెళ్ళయి మూడేళ్ళు. పొద్దుటి మాట వినమని ఆ పిల్లకి అలవాటు చేసింది అత్తగారే. మొదట్లో ఏడ్చేది. పసుపంతా పోయాక మొగుడు నాగసాయి చెయ్యి చేసుకుంటున్నాడని చెప్పేది.

"వరదకి ముందు కొట్టేవాడు కాదా అమ్మా?" అంది జానకమ్మ ఒకసారి, చెప్పకూడని సొంత మాట.

"కొట్టేవాడేనండి. అప్పుడు కారణం చెప్పేవాడు కాదు."

జానకమ్మ ఆ రోజు మాట అందించింది. కష్టం వచ్చేది దేహానికి, నీకు కాదు. నువ్వు చూసేదానివే. మూర్తి గారు ఆ వారమంతా అదే పాఠం నడిపారు. గట్టున కూర్చుని ఏటిని చూసేవాడికి తడి అంటదని చెప్పారు. బాగా చెప్పారు కూడా, గొంతు మెత్తగా పెట్టి.

పిల్ల ఏడవడం తగ్గించింది. తర్వాత మానేసింది. రాను రాను గొంతు నున్నగా అయిపోయింది, లోపల మనిషి లేని ఇంట్లోంచి వస్తున్నట్టు. జానకమ్మకి అది నచ్చలేదు. ఎందుకు నచ్చలేదో తెలియలేదు. భోజనాల దగ్గర చెబితే మూర్తి గారు సంతోషించారు. "చూశావా? నిబ్బరం వచ్చింది. పద్దెనిమిది పురాణాలు చదివినా కొందరికి రాదది."

కార్తీకంలో ఒక పొద్దున జానకమ్మ వంకాయలు తరుగుతుండగా ఫోను మోగింది.

"అమ్మగారూ, నాకు వచ్చేసిందండి," అంది శ్రీలలిత. గొంతులో సంబరం.

"ఏం వచ్చేసిందమ్మా?"

"అదేనండి, అయ్యగారు చెప్పేది. రాత్రి మా ఆయన గొంతు మీద కాలు పెట్టాడండి. నేను చూస్తూ ఉన్నాను. ఎవరిదో గొంతు, ఎవరిదో కాలు. భయం లేదు, ఏం లేదు. ఊపిరి ఆడట్లేదని తెలుస్తూనే ఉంది, అయినా కాళ్ళు చేతులు కొట్టుకోవాలనిపించలేదండి. ఆయనే భయపడి తీసేశాడు."

కత్తిపీట మీద చెయ్యి ఆగిపోయింది. జానకమ్మకి ఆ చోటు తెలుసు. తనూ వెళ్ళి వచ్చిన చోటే. తల్లి గుడివాడలో మంచాన పడి కబురు పెట్టినప్పుడు, మూర్తి గారి ఆఫీసరు ఇంటికి భోజనానికి వస్తున్నాడు. "వెళ్ళి నువ్వు చేసేదేముంది జానకీ? వచ్చినవాళ్ళు పోక తప్పదు," అన్నారాయన. "గారెలు నువ్వు చేస్తేనే మెత్తగా వస్తాయి మరి," అంది అత్తగారు. గారెలు చేస్తుండగానే తల్లి పోయింది. ఆ వేళ నూనెలో పిండి వదులుతున్న చేతులు ఎవరివో అనుకుంది. చిటికెన వేలు కాలింది, నొప్పి తెలియలేదు. అంత దుఃఖంలోనూ ఎంత నిబ్బరమో అని వచ్చినవాళ్ళు మెచ్చుకున్నారు. ఆ చేతులు మళ్ళీ తనవని ఆవిడకి ఇప్పటికీ పూర్తిగా నమ్మకం లేదు. ఆయన ఏనాడూ చెయ్యెత్తలేదు. "నిన్ను ఎప్పుడైనా ఒక్క దెబ్బ కొట్టానా?" అని అడుగుతారు. నిజమే. అవసరం పడలేదు. ఇప్పుడు ఈ పిల్లకి ఆ చోటికి దారి చూపించింది తన నోరే. ఈసారి వాడు కాలు తియ్యకపోతే?

లోపలి గదిలోంచి ఒక చప్పట వినిపించింది.

"శ్రీలలితా, అత్తయ్య ఇంట్లో ఉందా?"

"గుడికెళ్ళిందండి. ఆయన రొయ్యల చెరువు మీద పనికెళ్ళాడు."

"అయితే చెప్పులేసుకో. బందరు బస్సెక్కు. బస్టాండులో నేనుంటాను."

"ఇవాళ్టి మాట చెప్పలేదండి?"

"ఇదే ఇవాళ్టి మాట. నొప్పి నీదే. గొంతు నీదే. పరుగెత్తు."

చప్పట మళ్ళీ వినిపించింది. వంకాయలు నీళ్ళలో వేసి, చీర కొంగు సర్దుకుని, జానకమ్మ వీధిలోకి నడిచింది. బస్టాండులో పిల్ల దిగింది. ఎండలో మెడ చుట్టూ చున్నీ బిగించుకుని ఉంది, నవ్వుతోంది. ఆ నవ్వు చూసి జానకమ్మ పిల్ల చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఇంటికి తీసుకొచ్చి పెరుగన్నం కలిపి పెట్టింది. రెండో ముద్ద మింగబోయి పిల్ల గొంతు పట్టుకుంది. "నొప్పేస్తోందండి," అంది ఆశ్చర్యంగా. అప్పుడు ఏడ్చింది.

సాయంత్రం మూర్తి గారు కుర్చీ లాక్కుని కూర్చుని అంతా విన్నారు. కోప్పడలేదు. కోప్పడకపోవడమే జానకమ్మకి గుబులు పుట్టించింది.

"రేపు స్టేషనుకి తీసుకెళ్తానండీ," అంది.

"తొందరెందుకు? సంసారాన్ని స్టేషనులో పెడితే ఆ పిల్లకే నష్టం. ఉండనీ. పడుకోనీ." పిల్ల తల నిమిరారు. "ఏ ఊరన్నావమ్మా? మీ అత్తగారు మన మాట రోజూ వింటారు కదూ?" వీధి తలుపు తనే వేసి వచ్చారు.

జానకమ్మ పిల్ల పక్కనే చాప వేసుకుని పడుకుంది. కుక్కలు మొరిగినప్పుడల్లా లేచి కూర్చుంది.

తెల్లారాక లేచి చూస్తే కిటికీ దగ్గర కుర్చీ ఖాళీ. గేటు తీసి ఉంది. స్కూటరు లేదు. పొద్దుటి మాట మాత్రం అందరి ఫోన్లలోకి వెళ్ళిపోయింది. పక్కింటి గోడ మీదుగా ఆయన గొంతే మెత్తగా వినిపిస్తోంది, ఇల్లాలి ఓర్పే ఇంటికి పునాదని. ఇంతలో ఫోను మోగింది. శ్రీలలిత అత్తగారు.

"అమ్మగారూ, అయ్యగారు మహానుభావులండి. రాత్రే ఫోన్ చేసి చెప్పారు, మీ కోడలు మా దగ్గర భద్రంగా ఉందని. మావాడు తొలి బస్సే ఎక్కాడు. అయ్యగారు బస్టాండుకొచ్చి తీసుకెళ్తానన్నారు. కోడల్ని సిద్ధంగా ఉంచండి."

"ఉంచుతాను," అంది జానకమ్మ.

వీధి తలుపు గడియ వేసింది. వెనక తలుపుకి గడియ వేసి, రుబ్బురోలు ఒళ్ళంతా బరువేసి దాని ముందుకు జరిపింది. అరచేతులు గీసుకుపోయి మండుతున్నాయి. తన చేతులే. పోలీసులకి ఫోన్ చేసి, వీధి పేరూ, పిల్ల పేరూ, మెడ మీద కమిలిన చోటూ తడబడకుండా చెప్పింది. వచ్చేవాడి పేరు చెప్పింది. తీసుకొస్తున్నవాడి పేరూ చెప్పింది.

స్కూటరు వచ్చి ఆగింది. రెండు జతల చెప్పుల చప్పుడు. ఆ పూటకి మౌనం లేదు.

"జానకీ, తలుపు తియ్యి. అల్లుడొచ్చాడు. కాఫీ పెట్టు. కూర్చోబెట్టి నాలుగు మంచి మాటలు చెబుతాను."

"పిన్నిగారూ, దాన్ని పంపించండి. నేనేం అనను," అన్నాడు నాగసాయి. అంటూనే గడియ దగ్గర భుజం ఆనించాడు. తలుపు కిర్రుమంది. లోపల శ్రీలలిత జానకమ్మ చీర కుచ్చెళ్ళు పట్టుకుంది.

"పోలీసులు వస్తున్నారు. వాళ్ళొచ్చాక తీస్తాను," అంది జానకమ్మ.

నాగసాయి తలుపు వదిలి మెట్టు మీద కూలబడ్డ చప్పుడైంది. మూర్తి గారి గొంతు దగ్గరకొచ్చింది.

"సరే, అతనికి తియ్యకు. నాక్కూడా తియ్యవా? నా ఇల్లు జానకీ ఇది."

"మీకూ అప్పుడేనండీ."

జానకమ్మ కిటికీ సందులోంచి చూసింది. మూర్తి గారు వీధి అటూ ఇటూ చూశారు. ఎవరైనా చూస్తున్నారేమోనని కండువా సర్దుకున్నారు. తర్వాత మెట్టు మీద దుమ్ము దులిపి, నాగసాయి పక్కన కూర్చున్నారు.