కత్తెరతో కోసిన మాత్రలు

ఊళ్లో సగంమందికి చొక్కాలు కుట్టిన బొత్తాలత్తకు డెబ్బై రెండేళ్లు. ఒంట్లో షుగరూ ఎక్కువే, మొండితనమూ ఎక్కువే.

పదిహేను రోజులకోసారి వచ్చే వైద్యం వ్యానులో ఆ రోజు నర్సమ్మ ఆమె పాదం చూసి కంగారుపడింది. గోరంత పుండు నెలరోజులైనా మానలేదు సరికదా, ఇంకా పెద్దదైంది. షుగరు చూస్తే ఆకాశాన్నంటింది. ఇలాగే ఉంటే వేలు తీసేయాల్సి వస్తుందని, ఆ తర్వాత పాదం సంగతి కూడా చెప్పలేమని నర్సమ్మ దాచకుండా చెప్పేసింది. పాదమే పోతే కుట్టుమిషను తొక్కేదెలా? అత్తకు అదే దిగులు.

మాత్రలు ఒక్కపూట కూడా మానలేదని అత్త ఒట్టేసింది. నర్సమ్మ అంత తేలిగ్గా నమ్మే రకమా! వెంటపడి ఇంటికి వెళ్లి మిషను సొరుగు లాగింది. బొత్తాల డబ్బాలో మాత్రలు, ఒక్కొక్కటీ సరిగ్గా సగానికి. గుడ్డలు కోసే కత్తెరతో కోసి, పూటకో సగం మింగుతోంది మహాతల్లి! నర్సమ్మకు ఒళ్లు మండింది. నాలుగు దులిపేద్దామనుకునేలోపే అత్త నోరు విప్పింది.

“పోయిన వానల్లో వాగు పొంగితే మీరు రెండు నెలలు రాలేదు తల్లీ. మందులైపోతే ఎవర్నడగను? అందుకే దాచుకున్నా.”

నర్సమ్మకు సిగ్గేసింది. తిట్టాల్సింది ఈమెను కాదు. కాసేపు ఆలోచించి, వాగు పొంగినా ఊళ్లోకి వచ్చే బండి ఏదీ లేదా అని అడిగింది. పాలబండి గుట్ట చుట్టూ తిరిగి రోజూ వస్తుందని, లేకపోతే పాలు విరిగిపోతాయని అత్త చెప్పింది. పాలకున్న దారి మనుషుల మందులకు లేదా అని నర్సమ్మకు రోషం వచ్చింది. అప్పటికప్పుడు పాలబండి డ్రైవరుకు ఫోను చేసింది. అడిగితే ఎప్పుడో తెచ్చేవాణ్ణి కదమ్మా అన్నాడతను. ఇన్నాళ్లూ ఎవరూ అడగలేదు, అదీ సంగతి!

అత్త ఇక మాత్రలు కోయకుండా పూర్తిగా మింగింది. రోజూ పుండు కడిగి కట్టు మార్చుకుంది. వానలు మొదలయ్యాయి, వాగు పొంగింది, వ్యాను ఆగిపోయింది. పాలబండి మాత్రం ఆగలేదు. పాల క్యాన్ల పక్కన మందుల పెట్టె, అందులో ఊళ్లో ముసలివాళ్లకు ఒక్కొక్కరి పేరు రాసిన ఒక్కో పొట్లం.

నర్సమ్మ మనసాగక ఫోను చేసింది. పుండు మానిపోయిందని అత్త గొప్పగా చెప్పింది. నీళ్లు కాస్త తగ్గగానే ఎలాగో దాటి వస్తానని నర్సమ్మ అంటే, అత్త గట్టిగా కసిరింది.

“పూర్తిగా తగ్గాకే రా తల్లీ. మాకేం తొందర లేదు.”