ఉన్న ఊరి బత్తెం

మిలటరీ వాళ్ళకేం తక్కువ, బియ్యం ఫ్రీ, పప్పు ఫ్రీ, ఇల్లు ఫ్రీ అనుకునేవాళ్ళు చెన్నై మైలాపూరులో వీధికి పదిమంది ఉంటారు. ఆ పదిమందిలో మొదటివాడు ఇంటి ఓనరు నాగప్పన్. నిజంగా ఇల్లు ఫ్రీ అయితే ప్రతి నెలా ఐదో తారీకున ఆయన మెట్లెక్కి వచ్చి తలుపు కొట్టేది దేనికట? ఈ ముక్క ఆయన మొహాన అనాలనుకుంటూనే శ్రీప్రియ రెండేళ్ళు గడిపేసింది. టి. నగర్ చీరల కొట్టులో బిల్లింగు కౌంటరు దగ్గర రోజంతా నిలబడి, వాచిన కాళ్ళతో ఇల్లు చేరిన మనిషికి వాదించే ఓపిక ఎక్కడ మిగులుతుంది?

ఈసారి నాగప్పన్ రెండు మాటలు చెప్పి పోయాడు, తమిళంలోనే, మర్యాదగానే. వచ్చే నెల నుంచి అద్దె ఐదువేలు పెంచుతున్నాడు. కుదరకపోతే నెలాఖరుకు ఖాళీ చెయ్యాలి.

శ్రీప్రియ తలుపు వేసి, దానికే ఆనుకుని కూర్చుంది. వాళ్ళు ఇవ్వగలిగిన అద్దెకు ఇల్లు దొరకాలంటే పట్నానికి ఉత్తరపు కొసన ఉన్న మనలి దాటి పోవాలి. అక్కడినుంచి టి. నగర్ కొట్టుకు రోజూ రావడం జరిగేపని కాదు, కాబట్టి ఉద్యోగం పోతుంది. నడిచిపోయే దూరంలో ఉన్న కూతురు హైందవి బడీ పోతుంది. మూడో క్లాసు పిల్లను సంవత్సరం మధ్యలో ఎవరు చేర్చుకుంటారు? మొగుడు శివరామ్‌కు చెబుదామంటే అతను రెండేళ్ళుగా అరుణాచల్ కొండల్లో డ్యూటీలో ఉన్న మిలటరీ నాయక్. వారానికి రెండుసార్లు సిగ్నలు దొరికితే గొప్ప.

మర్నాడు బడి గేటు దగ్గర రాజలక్ష్మి కనిపించింది. ఆమె భర్త కూడా నాయకే, శివరామ్‌తో పాటే చేరినవాడు, అతనూ ఇప్పుడు కొండల మీదే ఉన్నాడు. మాటల్లో మాటగా ఇంటద్దె బత్తెం ప్రస్తావన వచ్చింది. రాజలక్ష్మి తనకొచ్చే అంకె చెప్పింది. శ్రీప్రియ చెవులు గింగురుమన్నాయి. అది తమకొచ్చేదానికి సరిగ్గా మూడింతలు.

"అదేంది రాజీ, ఒకే ర్యాంకు గదా!"

"స్లిప్పు ఎవరికైనా చూపియ్యి ప్రియా. ఏదో తప్పుండాది."

మందవెల్లి బస్టాండు దగ్గర జిరాక్సు కొట్టు పైగదిలో మాజీ సైనికుల సంఘం ఉంది. శనివారం పూట అక్కడ కామరాజు అనే రిటైరైన సుబేదారు కూర్చుంటాడు. సర్వీసంతా క్లర్కుగా చేసినవాడు. పుట్టింది రాయపురంలో, మాట్లాడేది మన తెలుగే. ఆయన శివరామ్ జీతం స్లిప్పును భూతద్దం పెట్టి చూశాడు, తర్వాత శ్రీప్రియను చూశాడు, మళ్ళీ స్లిప్పును చూశాడు.

"ఇదో చూడు తల్లీ. జీతం మీ ఆయన్ది. ఆయన హోదా, ఆయన సర్వీసు చూసి ఇస్తారు. ఈ అద్దె బత్తెం ఉండాదే, అది ఆయన్ని చూసి ఇచ్చేది కాదు, మీరుండే ఊరిని చూసి ఇచ్చేది. పెళ్ళాంబిడ్డలు పోలేని చోట మనిషిని వేసినప్పుడు, వాళ్ళని ఏ ఊళ్ళో పెడతావో నువ్వే చెప్పప్పా అంటారు. పట్నం అంటే పట్నం లెక్క, పల్లె అంటే పల్లె లెక్క. మీ ఆయన ఏం రాసిచ్చినాడో తెలుసునా?"

"చెన్నై అని గదా సార్?"

"గంగిరేవుపాడు."

శ్రీప్రియకు ముందు నవ్వొచ్చింది. ఆ నవ్వు మధ్యలోనే కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

గంగిరేవుపాడంటే ఏమిటో చెప్పాలి. చెన్నైలో మూడు తరాలు, నాలుగు తరాలు కాపురమున్న తెలుగు ఇళ్ళలో ఒక అలవాటుంది. పుట్టింది ఇక్కడే, చదివింది ఇక్కడే, పోయేదీ ఇక్కడే. అయినా మీదే ఊరు అని ఎవరన్నా అడిగితే మాత్రం ముత్తాత మూటాముల్లే కట్టుకుని వచ్చిన పల్లె పేరు చెబుతారు. వాళ్ళతోనే ఉండే శ్రీప్రియ మామ గోపాలస్వామి నాయుడు ఈ విషయంలో అందరికన్నా నాలుగాకులు ఎక్కువ చదివాడు. హార్బరులో లెక్కలు చూసి రిటైరైన మనిషి. సూళ్ళూరుపేట దగ్గరి గంగిరేవుపాడు గురించి మొదలుపెడితే ఆయన నోరు ఆగదు. ఇంటికి ఈశాన్యాన గిలక బావి, దొడ్లో జంట వేపచెట్లు, చేను గట్టునుంచి చూస్తే దూరంగా సరస్సు మీద తెల్లగా కొంగలు. కాపురానికొచ్చిన పదేళ్ళలో శ్రీప్రియ ఆ బావి నీళ్ళ తీపి గురించి వెయ్యిసార్లు వింది. ఆ నీళ్ళు ఒక్క చుక్క మాత్రం ఎరగదు.

ఆదివారం శివరామ్ ఫోన్లో దొరికాడు. సంగతి చెబితే, గాలి హోరు మధ్యనుంచి గొంతు తగ్గించి ఒప్పుకున్నాడు.

"ఈడ మా కాగితాలు రాసే రైటరు కళ్యాణ్ ఉన్నాడే, గుంటూరోడు, వాడు అడిగినాడు ప్రియా. 'అన్నా, నువ్వు తెలుగా? మరి మద్రాసంటావేంటి, అరవోడివా?' అన్నాడు. ఆడ స్కూల్లో తెలుగోడినని గొల్టీ అని ఎక్కిరించినారు, ఈడకొస్తే అరవోడంటారు. నాకు రోషం వచ్చింది. మాది గంగిరేవుపాడు అని గట్టిగా చెప్పినా. 'ఫ్యామిలీ అడ్రసు కూడా ఆ ఊరికేనా?' అన్నాడు. ఆఁ, ఆ ఊరికే అన్నా. వాడు అదే ఎక్కించినట్టుండాడు. కింద సంతకం నేనే పెట్టినా, చూసుకోలా."

శ్రీప్రియకు కోపం రావాల్సిందే, కానీ అంత దూరంలో చలిలో నిలబడి తప్పు ఒప్పుకుంటున్నవాడి మీద కోపం ఎట్లా వస్తుంది? వచ్చిందల్లా నీరసం. నాలుగు కూరగాయలు కొనడానికి లెక్కలు వేసుకున్న రెండేళ్ళు, పిల్ల బూట్లు బిగుతైనా ఇంకో నెల నెట్టుకొచ్చిన రెండేళ్ళు, అన్నీ ఒక్క మాటకు పోయాయి. పేరు గొప్ప ఊరు దిబ్బ అని ఊరికే అన్నారా పెద్దలు!

"ఉన్న ఊరు రాయమంటే ఉత్త ఊరు రాసినాడు మీవాడు" అన్నాడు కామరాజు, మరుసటి శనివారం. "సరిచెయ్యచ్చు. గడిచిపోయిందాని సంగతి నేను చెప్పలేను, ఇకమీదట మాత్రం పట్నం లెక్క వస్తుంది. అద్దె అగ్రిమెంటు, బిడ్డ బడి సర్టిఫికెట్టు పెట్టు. కానీ చిక్కొకటుండాది, రికార్డాఫీసులో కనుక్కున్నా. మీ ఆయన చేరినప్పటి కాగితాల్లో కూడా ఆ ఊరే, మీ మామ పేరు మీద ఇల్లున్నట్టుండాది. కాబట్టి ఆ ఊళ్ళో మాకు ఇల్లు లేదు, వాకిలి లేదు, మేమాడ ఉండటంలా అని పెద్దాయన రాసి సంతకం చెయ్యాల. ఆ ఊరి పంచాయతీ ఆఫీసునుంచి కూడా ఒక కాగితం ముక్క తేవాల. నెలాఖరులోపల పంపిస్తే పై నెల స్లిప్పులో రావచ్చు."

నెలాఖరుకు తొమ్మిది రోజులుంది.

రెండు రోజులు తటపటాయించి, సోమవారం సాయంత్రం శ్రీప్రియ తెల్లకాగితం, పెన్ను తెచ్చి మామ ముందు పెట్టింది. గోపాలస్వామి కళ్ళజోడు పెట్టుకుని ఆమె చెప్పిందంతా విన్నాడు. పెన్ను మూత తీశాడు, మళ్ళీ పెట్టేశాడు.

"మనకు ఊరు లేదని నా చేత్తో నేను రాసియ్యాల్నా అమ్మా?"

"ఊరు లేదని కాదు మామా. ఆడ ఇల్లు లేదని."

"రెండూ ఒకటే. మా నాయన పోతా పోతా నా చెయ్యి పట్టుకుని ఏం చెప్పినాడో తెలుసునా? ఏమన్నా మర్చిపో, ఊరు పేరు మర్చిపోబాక అన్నాడు. నేను రాయను."

రెండు వారాలుగా మింగుతున్నదంతా శ్రీప్రియ నోట్లోకి ఒక్కసారిగా వచ్చేసింది.

"ఆ ఊరు మనకు ఒక్క పూటన్నా అన్నం పెట్టిందా మామా? మీ బిడ్డ చలిలో చస్తా సంపాదించిందాంట్లో రెండేళ్ళు తినేసింది గదా! ఆ పేరు పట్టుకుని మనలి పోదాం పదండి. హైందవికి అన్నం బదులు ఆ బావి నీళ్ళు పోద్దాం!"

అన్నాక నాలుక కరుచుకుంది. గోపాలస్వామి పెన్ను, కాగితం పక్కకు జరిపాడు. కళ్ళజోడు తీసి పెట్టెలో పెట్టుకుని, గోడవైపు తిరిగి పడుకున్నాడు. శ్రీప్రియ అన్నానికి రెండుసార్లు పిలిచింది. ఆయన లేవలేదు.

తెల్లారి చూస్తే మంచం ఖాళీ. చెప్పులు లేవు, గొడుగు లేదు.

"తాతా ఎంగ అమ్మా?" అంది హైందవి, తమిళంలో.

తాత ఎక్కడికి పోయాడో అమ్మకు తెలిస్తేగా! ఫోను ఇంట్లోనే పెట్టిపోయాడు. శ్రీప్రియ కొట్టుకు సెలవు చెప్పింది. కపాలీశ్వరుడి గుడి చుట్టూ వెతికింది, పార్కులో వెతికింది, వంతెనల మీద పోయే పరక్కుం రైలు స్టేషను మెట్ల మీద కూర్చున్న ముసలివాళ్ళందరి మొహాలూ చూసింది. డెబ్బై నాలుగేళ్ళ మనిషిని అంత మాట ఎందుకన్నానా అని తిరిగిన వీధల్లా ఏడ్చింది. ఇల్లు పోతే పోనీ, మనలి అయితే మనలి, మనిషి తిరిగొస్తే చాలనుకుంది.

దీపాలు పెట్టే వేళకు గోపాలస్వామి మెట్లెక్కి వచ్చాడు. పంచె అంచులకు ఎర్రదుమ్ము పట్టి ఉంది. చెప్పులు విడిచి, చెంబెడు నీళ్ళు తాగి, జేబులోంచి మడత పెట్టిన కాగితం తీసి కోడలి చేతిలో పెట్టాడు.

"సూళ్ళూరుపేట బండెక్కి పోయినా. ఆడనుంచి ఆటో" అన్నాడు. "ఆఫీసులో పిల్లోడు మంచోడమ్మా. కూర్చోబెట్టి టీ ఇచ్చినాడు. పాత పుస్తకాలన్నీ తీసి చూసినాడు, పాపం."

శ్రీప్రియ కాగితం విప్పింది. 'ఇందుమూలముగా తెలియజేయునదేమనగా' అని మొదలైంది. 'గోపాలస్వామి నాయుడు గారి పేరున గాని, వారి పూర్వీకుల పేరున గాని ఈ గ్రామమున ఇల్లు, పొలము లేవు. ఈ కుటుంబము వారు ఈ గ్రామమున ఎన్నడును నివసించినట్లు దాఖలా లేదు.' కింద సంతకం, ముద్ర. ఇంకో మడతలో ఆయన సొంత దస్తూరీతో రాసిన కాగితం కూడా ఉంది, సంతకంతో సహా.

"లేరని రాయమన్నా. ఎన్నడూ లేరని రాయమని నేను చెప్పలా" అన్నాడు గోపాలస్వామి. "వాడు రాసేసినాడు. పుస్తకంలో లేనిది వాడెట్టా రాస్తాడు, వాడి తప్పేముండాది."

"ఊరు చూసినారా మామా?"

ఆయన తువ్వాలుతో మెడ తుడుచుకున్నాడు.

"ఇదే మొదటిసారి పోవడం. మా నాయన చెప్పిందే నేను చెప్తా ఉంటిని. నలుగురైదుగుర్ని అడిగినా, నాయుళ్ళ ఇల్లంటే ఎవరికీ తెలవలా. బావి ఒకటుండాది. ఈశాన్యంలో లేదు. పైన రేకు కప్పేసినారు." కొంచెం ఆగి, "అన్నం ఉండాదా అమ్మా?" అన్నాడు.

శ్రీప్రియ అన్నం వడ్డించింది. క్షమించమని ఎట్లా అడగాలో తెలియక, ఆయనకిష్టమైన చింతకాయ పచ్చడి తీసి ఇంకో ముద్దకు సరిపడా వేసింది. ఆయన వద్దనలేదు.

కాగితాలు చూసి కామరాజు, "ఇంతకంటే గట్టి సాక్ష్యం ఉండదు తల్లీ, అయిపోయినట్టే" అన్నాడు. వాటి నకళ్ళు చూపిస్తే నాగప్పన్ ఒక నెల గడువిచ్చాడు. ఇస్తూ కూడా, మిలటరీలో ఇల్లు ఫ్రీ కాదా అని ఆశ్చర్యపోయాడు. కాదు సార్ అంది శ్రీప్రియ, రెండేళ్ళకు.

ఆ పై నెల స్లిప్పులో అద్దె బత్తెం మూడింతలై వచ్చింది. కుటుంబం ఉండే చోటు అన్నదాని పక్కన చెన్నై అని ఉంది. అంత చిన్న మాట కోసమా ఇంత తిరుగుడు అనిపించి, సంతోషించే ఓపిక కూడా లేక, ఆమె స్లిప్పును బియ్యం డబ్బా మీద పెట్టి కాసేపు అట్లాగే నిలబడింది. ఇల్లు నిలిచింది. పిల్ల బడి నిలిచింది. కొత్త బూట్లు కొనాలి.

ఆదివారం శివరామ్ ఫోన్ చేశాడు. గొంతులో హుషారు పొంగుతోంది. స్పీకరు పెట్టమన్నాడు.

"నాయనా, ఊరికి పోయొచ్చినావంట గదా! నన్ను ఒక్కసారన్నా తీసకపోలా, నువ్వు మాత్రం పోయొచ్చినావు. ఎట్టుండాది మన ఊరు?"

శ్రీప్రియ మామవైపు చూసింది. ఆ ముద్ర వేసిన కాగితం నకలు ఇంకా ఆమె హ్యాండుబ్యాగులోనే ఉంది. గోపాలస్వామి కోడలివైపు చూడకుండా ఫోను దగ్గరికి వంగాడు.

"బ్రహ్మాండంగా ఉండాది రా" అన్నాడు. "బావి నిండా నీళ్ళు. అందరూ నిన్నే అడిగినారు, మన మిలటరీ పిల్లోడు ఎప్పుడొస్తాడని. వచ్చే లీవులో పోదాంలే."

"నిజంగానా! కళ్యాణ్‌గాడికి చెప్తా ఉండు!"

"చెప్పు చెప్పు" అన్నాడు గోపాలస్వామి. "కాగితాల్లో మాత్రం చెన్నై అనే రాయి."