అందరి ఏడుపూ అత్తగారిదే

పెళ్ళయి నెల తిరగలేదు. కొత్త కోడలికి ఆ ఇంట్లో ప్రతిదీ ముద్దొచ్చేది. తలుపు గడియ కిర్రుమన్నా, మొగుడు టీలో పంచదార మరిచిపోయినా నవ్వే. ఆ సాయంత్రం వార్తల వేళ మాత్రం నవ్వు నవ్వులా రాలేదు.

ఎక్కడో వంతెన కూలింది. టీవీలో ఒకావిడ అరచేతుల్లో ముఖం దాచుకుని ఏడుస్తోంది. కోడలు పనిచేసే చానెల్ పాత ఫుటేజీలో ఆ షాట్ పేరు "ఏడుపు, ఆడమనిషి, ఎప్పుడైనా వాడొచ్చు". ఎన్నిసార్లు తనే వెతికి ఎడిటర్‌కి ఇచ్చిందో!

"అది మా అమ్మే," అన్నాడు మొగుడు, బిస్కెట్ టీలో ముంచుతూ. "మా చెల్లి బస్సు ప్రమాదంలో పోయినప్పుడు ఆసుపత్రి గేటు దగ్గర తీశారు. అప్పట్నుంచి ఎవరు పోయినా మా అమ్మే ఏడుస్తుంది."

"జోకులేస్తారేంటండీ!"

"మరేం చెయ్యమంటావ్?"

పదిహేనేళ్ళ కిందటి ముఖం, అదీ సగమే. తనెలా పోల్చుకుంటుంది? ముందు కుర్చీలో అత్తగారు రెప్ప వెయ్యకుండా చూస్తున్నారు.

మర్నాడు ఎడిటర్‌ని అడిగింది. "సార్, ఆ షాట్ తీసేద్దాం. ఆవిడ మా అత్తగారు."

"నిజంగానా? అదృష్టవంతురాలివమ్మాయ్! అంత బాగా ఏడ్చే మనిషి మళ్ళీ దొరకదు. తీసెయ్యడమేంటి, మతి పోయిందా?"

ఆయన భోజనానికి లేవగానే చెరిపేసింది. ఖాయమేనా అని కంప్యూటర్ అడిగితే హుషారుగా మీట నొక్కింది. అసలు టేపులు ఎప్పుడో తుక్కులో కలిశాయి. ప్రసారమైన వార్తలు దాచే అలవాటు ఆ చానెల్‌కి లేదు. ఇంక అత్తగారిని ఎవరూ ఏడిపించలేరనుకుని, దారిపొడుగునా కూనిరాగం తీస్తూ ఇల్లు చేరింది.

నాలుగు రోజులకి ఎక్కడో పడవ మునిగింది. ఎడిటర్ వెతికి వెతికి, కోడల్ని చెడామడా తిట్టి, ఇంకెవరి ఏడుపో అతికించాడు. సాయంత్రం అత్తగారు కుర్చీ టీవీ దగ్గరికి జరుపుకున్నారు.

"ఎవరే ఈవిడ? నేనేదీ?"

"ఇవాళ మీది వెయ్యలేదత్తయ్యా. పోన్లెండి, మీకా బాధ తప్పింది."

"నా ఏడుపు ఎవరిక్కావాలే! వెనక మీ మామయ్య చెయ్యి ఉంటుంది, చూళ్ళేదూ? నా భుజం మీద రెండుసార్లు తడతారు. ఆర్నెల్లకే ఆయనా పోయారు."

కోడలు అన్నిసార్లు చూసిన షాట్. భుజం మీద చెయ్యి ఉంది, నిజమే. ఇప్పుడు గుర్తొస్తోంది. గోడకేసి చూపించింది.

"ఫోటోలున్నాయిగా అత్తయ్యా..."

"ఉన్నాయి. ఫోటోలో తట్టరుగా."

వార్తలు అయిపోయాయి. అత్తగారు టీవీ కట్టేసి, కుర్చీ వెనక్కి లాక్కున్నారు.

"రేపు వేస్తార్లే," అన్నారు. "ఎక్కడో ఒకచోట ఎవరో ఒకరు పోకుండా ఉంటారా?"