గంట కొట్టిన పిచ్చుక

మా వదిన చచ్చిపోయిన రోజు గంట కొట్టలేదు. కాలేజీ పిల్లలూ, ముందు ఇది వినండి. కాంట్రాక్టర్ ఎన్ని కథలైనా చెప్పనీ, నేను అక్కడే ఉన్నాను, నా చెవులు బాగానే పనిచేస్తాయి.

మా క్వారీలో రాయి పేల్చే ముందు గట్టు మీద వేలాడే రైలు పట్టా ముక్కని కొట్టాలి. అదే మా గంట. మూడు దెబ్బలు గబగబా, కాస్త ఆగి ఇంకొకటి. అది వినపడితే సుత్తి ఎక్కడిదక్కడ పడేసి గుంతలోంచి పైకి రావాల్సిందే. వచ్చాక మేస్త్రీ "అందరూ వచ్చారా?" అని అరుస్తాడు. "వచ్చాం" అంటాం. అప్పుడే పేలుడు మందు ముట్టించాలి.

ఆ రోజు లోడు కోసం లారీలు నిలబడి ఉన్నాయని గంట మానేసి ముట్టించారు. మేం ఇవతల ఉండి బతికిపోయాం. వదిన అవతల, మందు పెట్టిన వైపు ఉంది. "గంట కొట్టాం, ఆవిడే వినిపించుకోలేదు" అన్నాడు కాంట్రాక్టర్, పోలీసుల ముందు. అబద్ధమని నేను అరిచాను. నన్ను జీపు దగ్గర్నుంచి గెంటేశారు. మిగతావాళ్లు పని పోతుందని నోరు మెదపలేదు.

వదిన కూతుర్ని అందరం పిచ్చుక అంటాం, అంత వాగుడుకాయ. ఆ రోజుతో దాని మాట పడిపోయింది. గుడిసె ముందు కూర్చుని గుంత వైపే చూసేది. కలిపి పెడితే నాలుగు ముద్దలు తినేది, అంతే.

అప్పుడొచ్చింది పాటల టీచరమ్మ. మా పిల్లల్ని పోగేసి, ఖాళీ డబ్బాలిచ్చి దరువులు నేర్పడం మొదలెట్టింది. నాకు ఒళ్లు మండింది.

"ఏంటమ్మా, కూటికి లేనోళ్లకి కచేరీలా?" అన్నాను.

"వీళ్లు ఏడవడం కూడా మర్చిపోయారక్కా. ముందు చప్పుడైనా చెయ్యనీ" అంది.

పిచ్చుక చాన్నాళ్లు చేతులు ముడుచుకునే కూర్చుంది. ఒక పూట టీచరమ్మ, "నీకిష్టమైన దరువు వెయ్యి తల్లీ, మేమంతా నీ వెనకే వేస్తాం" అంది. పిచ్చుక డబ్బా అందుకుంది. మూడు గబగబా, ఆగి ఒకటి. పిల్లలంతా అందుకున్నారు. ఆవిడకేం తెలుసు పాపం! ఇంకా గట్టిగా వెయ్యండి అంది.

గుంతలో మేం ప్రాణాలు అరచేత పట్టుకుని పరిగెత్తాం. మోకాళ్లు చీరుకుపోయాయి. డ్రిల్లు పట్టే బాబాయ్‌కి కాలు బెణికింది. తీరా వస్తే పేలుడూ లేదు, పాడూ లేదు. పిచ్చుక లేచి నిలబడి, పైకొచ్చిన ఒక్కొక్కరి మొహమే చూస్తోంది. ఆఖరి మనిషి వచ్చేదాకా చూసి డబ్బా కింద పెట్టేసింది. నాకు దుఃఖం ఆగలేదు.

కాంట్రాక్టర్ ఊగిపోయాడు. డబ్బాలు బందు, టీచరు రేపటికల్లా కనపడకూడదు అన్నాడు.

సాయంత్రం గుడిసెల ముందు అందరం కూడాం.

"పంపించెయ్యండర్రా ఆవిణ్ణి" అన్నాడు బాబాయ్, కాలు పట్టుకుని. "ఆటలా ఇవి? రేపు నిజంగా గంట కొడితే ఎవడు నమ్మి పైకొస్తాడు?"

"తప్పు నాదే. వెళ్లిపోతాను" అంది టీచరమ్మ, తల దించుకుని.

నేను లేచాను. "నిజంగా ఎప్పుడు కొట్టారు బాబాయ్? మా వదినకి కొట్టారా? ఇన్నాళ్లకి మనకోసం గంట కొట్టింది ఈ పిల్ల ఒక్కత్తే. కొడితే వాళ్లమ్మ పైకొస్తుందనుకుంది."

బాబాయ్ పిచ్చుక వైపు చూశాడు. తర్వాత తనే అన్నాడు, "అయితే ఆ గంట మన చేతిలోనే ఉండాలి."

మళ్లీ వాదన రేగింది. పని పోతుందని కొందరు, ప్రాణం పోతే పనెందుకని కొందరు. చివరికి ఒక మాట మీదికి వచ్చాం. గంట మన మనిషే కొట్టాలి, టీచరమ్మ ఇక్కడే ఉండాలి.

పొద్దున్నే వెళ్లి చెబితే కాంట్రాక్టర్ నవ్వాడు. "ఆలోచిస్తాలే, ముందు పనిలోకి దిగండి" అన్నాడు. ఆ నవ్వు నమ్మి దిగాం.

మేం కింద ఉండగా పోలీసు జీపొచ్చింది. పిల్లల్ని రెచ్చగొడుతోందని టీచరమ్మ జుట్టు పట్టుకుని ఈడ్చారట. అడ్డం పడ్డ పిల్లల్ని లాఠీతో తోసేశారట.

గంట వినపడింది. డబ్బా కాదు, రైలు పట్టా. మూడు గబగబా, ఆగి ఒకటి.

ఆ పూట మందు పెట్టలేదని మాకు తెలుసు. అయినా ఒక్కరు ఆగలేదు. బాబాయ్ కుంటుకుంటూ అందరికంటే ముందు ఎక్కాడు. జీపు చుట్టూ నిలబడిపోయాం.

పిచ్చుక రాయి ఎక్కి నిలబడి, రెండు చేతులా ఇనప కడ్డీ పట్టుకుని ఉంది. మొహాలన్నీ చూసింది.

"అందరూ వచ్చారా?" అంది.

ఎన్నాళ్లకి విన్నానో ఆ గొంతు! గొంతు బొంగురుపోయింది, మాట మాత్రం స్పష్టంగా ఉంది. "వచ్చాం" అంటే అబద్ధమవుతుంది కదా.

"మీ అమ్మ తప్ప అందరం వచ్చాం తల్లీ" అన్నాను.

పిచ్చుక తలూపింది. కడ్డీ మాత్రం కింద పెట్టలేదు.

టీచరమ్మతో పాటు నన్నూ, బాబాయ్‌నీ జీపెక్కించారు. మేమిద్దరం బయటికొచ్చాం, ఆవిడింకా లోపలే ఉంది. గుంతలోకి ఇప్పటిదాకా ఎవరూ దిగలేదు. రేపు పోలీస్ స్టేషన్ ముందుకి మా పిల్లలంతా డబ్బాలతో వస్తున్నారు. మీరూ రండి.